జాడీలో దేవత, హోల్డులో మనం

యాభై దాటిన ప్రతి మనిషీ సాయంత్రం ఆరు గంటలకి, ఇంగ్లీషులోకి డబ్బింగ్ చేసిన జపాను హాస్య కార్టూన్ ఒకటి చూసి తీరాలి. ఇది సలహా కాదు. నా తీర్మానం!

నవ్వకండి. పొద్దున బీపీ మాత్ర ఎంతో సాయంత్రం కార్టూన్ అంత. మాత్ర మర్చిపోతే డాక్టరు తిడతాడు. కార్టూన్ మర్చిపోతే తిట్టేవాళ్ళు లేరు. అసలు ఈ కాలంలో మనిషికున్న పెద్ద కష్టమే అది, తిట్టడానికైనా ఎవరూ దొరక్కపోవడం. ఆ సంగతికి మెల్లగా వస్తాను.

అవి పిల్లల కోసం తీసినవి కదండీ అంటారు మీరు. ఏ పిల్లల కోసం? ఉన్న గుడి కాస్తా కూలిపోయి, దిక్కులేక ఊరగాయల కొట్లో జాడీలో కాపురం పెట్టి, రోజుకి ఎనిమిది గంటలు కౌంటర్లో నిలబడి, మేనేజర్ చేత మాటలు పడే నాలుగు వందల ఏళ్ళ దేవత కథలో నవ్వు ఎక్కడుందో తొమ్మిదేళ్ళ పిల్లకి ఏం తెలుస్తుంది? అది తెలియాలంటే పాతికేళ్ళు ఉద్యోగం చేసి ఉండాలి. మోకాళ్ళు నొప్పి పుట్టి ఉండాలి. సెలవు అడిగితే 'చూద్దాం' అనిపించుకుని ఉండాలి. ఇవేవీ లేకుండా చూసేవాళ్ళు బొమ్మలు చూస్తున్నారంతే.

సరే చూస్తాం, డబ్బింగ్‌లోనే ఎందుకు చూడాలి అంటారా? మంచి ప్రశ్న. జపాను గొంతులు అలాగే ఉంచి, కింద అక్షరాలు చదువుకుంటూ చూడటమే మర్యాద అనే వర్గం ఒకటి ఉంది. మా పక్కింటి డోయల్ అందులో గట్టి సభ్యుడు. అరవై ఆరేళ్ళు. ముప్ఫై నాలుగేళ్ళు డాలస్‌లో లిఫ్టులు బాగుచేసి రిటైరయ్యాడు. "అసలు గొంతులోనే అసలు భావం ఉంటుంది" అంటాడు. జపాను భాషలో ఆయనకి వచ్చినవి రెండు మాటలు. రెండూ తినేవే. అక్షరాలు మొదలైన మూడో నిమిషానికి ఆయన గడ్డం ఛాతీకి ఆనుతుంది. ఆ నిద్రలో ఆయన మొహం మీద మర్యాద చూసి తీరాలి.

డబ్బింగ్ కార్టూన్ అలా కాదు. చేతులు ఖాళీ, కళ్ళు ఖాళీ. మేజోళ్ళు జతలు కలుపుకోవచ్చు. పికాన్ కాయలు ఒలుచుకోవచ్చు. పొయ్యి మీద బీన్సు మాడుతున్నాయేమో లేచి చూసి రావచ్చు. వచ్చేసరికి కథ ఎక్కడికీ పోదు, మీ వెనకాలే వంటింట్లోకి వచ్చి అరుస్తుంది.

ఇంకో సుగుణం ఉంది, దాన్ని ఎవరూ గుర్తించలేదు. డబ్బింగ్‌లో బొమ్మ నోరు ముందే జపానులో తెరుచుకుని మూసుకుని ఉంటుంది. ఇంగ్లీషు మాటని తెచ్చి ఆ నోటికి సరిగ్గా తొడగాలి. నోరు ఏడుసార్లు కదిలితే ఏడు కదలికలకి సరిపడానే మాట్లాడాలి. నోరు మూసుకోగానే మాట ఆపాలి. ఇంతటి నాగరికతని మానవజాతి ఇంకెక్కడైనా సాధించిందా? నమ్మకపోతే మా స్కూలు బోర్డు మీటింగుకి ఒకసారి వచ్చి కూర్చోండి!

ఈ జ్ఞానమంతా నా సొంతం కాదు. డోయల్ భార్య వెర్లీన్ వల్ల అబ్బింది.

వెర్లీన్‌కి అరవై ఒకటి. డాలస్ దగ్గరి మా డెంటన్ ఊళ్ళో పద్నాలుగో రూటు స్కూలు బస్సు ఇరవై ఏడేళ్ళుగా ఆమె నడుపుతోంది. పిల్లలందరికీ 'మిస్ వెర్లీన్'. వెనక సీట్లో ఎవడు ఎవణ్ణి గిల్లాడో అద్దం వైపు చూడకుండా, కేక విని పేరు పెట్టి చెప్పేది. ఒకడు గొంతు మార్చి "నేను కాదు మిస్ వెర్లీన్" అన్నా, ఆ మార్చిన గొంతు ఎవడిదో కూడా చెప్పేది. అలాంటి చెవులు.

చెవులు సరే, కళ్ళే మొరాయించాయి. పోయిన చలికాలం నుంచి ఎదురుగా వచ్చే ప్రతి దీపం చుట్టూ ఆమెకి ఒక వలయం కనిపించడం మొదలైంది. రెండు కళ్ళలోనూ శుక్లాలున్నాయన్నాడు డాక్టరు. ఆపరేషన్ తేలికే, కంటికి ఇరవై నిమిషాలు. దానికి ఇన్సూరెన్సు కంపెనీ ముందుగా 'సరే' అనాలి. ఆగస్టు పదకొండున డ్రైవర్లకి వైద్య పరీక్ష. అప్పటికి కళ్ళు బాగవకపోతే పద్నాలుగో రూటు వాండా చేతికి వెళుతుంది. వాండా మంచి మనిషే కానీ మలుపుల్లో బ్రేకు మీద నించుంటుంది. ఆ మాట తలుచుకుంటే వెర్లీన్‌కి అన్నం సహించేది కాదు.

ఆ కళ్ళతో కింద అక్షరాలు చదవలేకే ఆమె డబ్బింగ్‌లోకి వచ్చింది. వచ్చి, నేను పైన చెప్పిన జాడీ దేవతకి భక్తురాలైంది. దేవత పేరు నుకాకో. సీరియల్ పేరు 'మూత తీయొద్దు'. ప్రతి ఎపిసోడ్‌లోనూ ఎవడో ఒకడు అడగకుండా జాడీ మూత తీస్తాడు. లోపల్నుంచి నుకాకో "ఎవర్రా నా మూత తీసింది?" అని అరుస్తుంది. ఆ అరుపుకి కొట్టు అద్దాలు పగులుతాయి, మేనేజర్ విగ్గు ఎగిరిపోతుంది, దేవత జీతంలో కోత పడుతుంది. ఇంతే కథ. ఇరవై ఆరు ఎపిసోడ్లు ఇదే కథ. వెర్లీన్‌కి ఒక్కటి కూడా విసుగు పుట్టలేదు.

ఇక ఇన్సూరెన్సు కంపెనీ. పేరు చెప్పను. చెబితే నన్నూ హోల్డులో పెడతారు.

ఏప్రిల్ చివరి నుంచి వెర్లీన్ రోజూ మధ్యాహ్నం ఒంటిగంటకి ఫోను బల్ల మీద పెట్టి, స్పీకర్ ఆన్ చేసి, నంబరు కొట్టేది. తేనెలో ముంచి తీసిన ఆడ గొంతు ఒకటి పలకరించేది. కొత్త పాలసీకి ఒకటి, కట్టాల్సింది కట్టడానికి రెండు, ఇలా సాగి సాగి, మా ప్రతినిధితో మాట్లాడటానికి ఏడు. వెర్లీన్ ఏడు నొక్కేది. ఫ్లూటు మోగేది. "మీ కాల్ మాకు ఎంతో ముఖ్యం. దయచేసి లైన్లోనే ఉండండి" అనేది తేనె గొంతు. మళ్ళీ ఫ్లూటు. మళ్ళీ ఎంతో ముఖ్యం. నలభై నిమిషాలకి దానంతట అదే కట్ అయ్యేది. ఎంతో ముఖ్యమైనవాళ్ళతో ఎవరైనా ఎంతసేపని మాట్లాడతారు?

జూన్‌లో ఒక మధ్యాహ్నం ఫోన్లో ఫ్లూటు, టీవీలో రికార్డు చేసుకున్న నిన్నటి నుకాకో ఒకేసారి నడుస్తున్నాయి. బీన్సు తుంచుతున్న వెర్లీన్ చెయ్యి ఆగిపోయింది.

"డోయల్, టీవీ ఆపు."

"నువ్వే కదా పెట్టమన్నావ్."

"ఆపమంటే ఆపు. ఊఁ, ఇప్పుడు పెట్టు. మళ్ళీ ఆపు."

"నేను లిఫ్టులు బాగుచేసినవాణ్ణే గానీ లిఫ్టు బటన్ను కాదు."

"ఇద్దరూ ఒక్కటే."

"ఏ ఇద్దరు?"

"ఫోన్లో మనిషీ, జాడీలో మనిషీ."

డోయల్ జాలిగా చూశాడు. కళ్ళ తర్వాత చెవులు కూడా వెళుతున్నాయనుకున్నాడు పాపం. "ఆవిడ పన్నీరు చల్లుతోంది, ఈవిడ రంపం పెట్టి కోస్తోంది. ఒక్కటెలా అవుతారు?"

"ఎంత పన్నీరు చల్లినా ముక్కు ముక్కే. 'దయచేసి' అన్నాక చివర్న కాస్త గాలి ముక్కులోంచి పోతుంది, విను. జాడీలో మనిషికీ అంతే. నా దగ్గర గొంతు మార్చి తప్పించుకున్నవాడు ఇంతవరకూ లేడు."

పందెం వేసుకున్నారు. ఓడినవాళ్ళు నెలరోజులు గిన్నెలు తోమాలి. డోయల్ కళ్ళద్దాలు పెట్టుకుని, ఎపిసోడ్ చివర పరుగెత్తే పేర్లని రిమోట్‌తో నిలబెట్టాడు. నుకాకోకి గొంతు ఇచ్చింది లనెల్ పికెట్. కంప్యూటర్లో ఆవిడ సొంత పేజీ ఉంది. కార్టూన్లు, సూపర్ మార్కెట్ ప్రకటనలు, కంపెనీల ఫోను సందేశాలు. ఉండేది కూడా దగ్గర్లోనే, గంట ప్రయాణం. డోయల్ లేచి సింకు దగ్గరికి నడిచాడు.

ఇక చూడండి డబ్బింగ్ మహిమ! అంతకుముందు ఫోను కట్ అయితే వెర్లీన్ సాయంత్రం దాకా ఎవరితోనూ మాట్లాడేది కాదు. ఇప్పుడు ఆ కోపానికి ఒక చిరునామా దొరికింది. మధ్యాహ్నం ఒంటిగంటకి ఎవరు తనని కూర్చోబెట్టారో, సాయంత్రం ఆరింటికి వాళ్ళే ఉప్పునీళ్ళలో మునుగుతున్నారు. మేనేజర్ వచ్చి మూత మీద కూర్చుంటున్నాడు. ముల్లంగి దెబ్బలు తింటున్నారు. నుకాకో జాడీలో ఇరుక్కుని "ఎవరైనా ఉన్నారా?" అని కొట్టుకుంటుంటే వెర్లీన్ సోఫాలో వెనక్కి వాలి, తృప్తిగా "ఏడు నొక్కు తల్లీ, ఏడు నొక్కు" అనేది.

ఇంతకన్నా చవకైన వైద్యం ఏముంది? ప్రభుత్వం దీన్ని చట్టం చేయాలని నేను గట్టిగా కోరుతున్నాను. లైసెన్సు ఆఫీసులో టోకెన్ నంబర్లు పిలిచే గొంతు సాయంత్రం పిరికి ఎలుగుబంటికి అరువివ్వాలి. 'విమానం ఆలస్యంగా నడుస్తోంది' అని మురిసిపోతూ చెప్పే గొంతుని అరటితొక్క మీద జారిపడే సన్యాసికి తప్పనిసరి చేయాలి. కరెంటు పోయిన రోజు 'మీ ప్రాంతంలో అంతా సవ్యంగా ఉంది' అనే గొంతుకి ఏకంగా గాడిద వేషం! ప్రతి ఆఫీసు గుమ్మం మీదా పనివేళలతో పాటు, వాళ్ళు ఏ కార్టూన్లో ఎన్ని గంటలకి తన్నులు తింటారో కూడా రాసి పెట్టాలి. ప్రజల్లో కోపం ఉంటుందా ఇంక?

వెర్లీన్ మాత్రం నాలా చట్టాల కోసం ఆగే మనిషి కాదు. జూలైలో డాలస్‌లో కార్టూన్ అభిమానుల జాతర జరుగుతుంది. దానికి లనెల్ పికెట్ వస్తోందని డోయల్ చదివి చెప్పగానే బయల్దేరదీసింది.

జాతరకి వెర్లీన్ తన డ్యూటీ జాకెట్టే వేసుకుంది. మెరిసే పసుపుపచ్చ, మెడలో విజిల్. "నాకెటూ మనుషులు కనబడరు. మనుషులకైనా నేను కనబడాలి కదా" అంది. హాలులో అడుగుపెట్టగానే రెక్కలున్నవాళ్ళు, కత్తులున్నవాళ్ళు, తోకలున్నవాళ్ళు ఆమె చుట్టూ మూగారు. పాతికేళ్ళ రెక్కల కుర్రవాడు భక్తిగా అడిగాడు.

"అద్భుతంగా ఉంది మేడమ్. ఏ సీరియల్లోది ఈ వేషం?"

"రూట్ పద్నాలుగు."

"నేను చూళ్ళేదే. ఎన్ని సీజన్లు?"

"ఇరవై ఏడు."

"అబ్బ. డబ్బింగ్ ఉందా?"

"గొంతు నాదే."

నలుగురు ఆమెతో ఫోటోలు దిగారు. కత్తి ఉన్న అమ్మాయి సెల్యూట్ చేసింది. డోయల్‌ని మాత్రం ఎవరూ ఏ సీరియల్లోంచని అడగలేదు. ఆయన కాస్త చిన్నబుచ్చుకున్నాడు.

సంతకాల కోసం రెండు గంటల క్యూ. నిలబడి నిలబడి డోయల్ కాళ్ళు వాచాయి. వెర్లీన్ ఒక్కసారి కూడా విసుక్కోలేదు. "ఈ లైను చివర మనిషి ఉంది" అంది, అంతే.

ఉంది. యాభై దాటిన సన్నటి మనిషి, మెడకి స్కార్ఫ్, ముందు చిన్న తెల్లబోర్డు, చేతిలో పెన్ను. బల్ల మీద కాగితం అంటించి ఉంది. 'డాక్టరు మాట్లాడొద్దన్నారు. రాసి చూపిస్తాను, ఏమీ అనుకోకండి.' అది వెర్లీన్‌కి కనబడలేదు. నమస్కారం చెప్పి, జవాబు కోసం ఆగింది. లనెల్ నవ్వి, బోర్డు మీద రాసి తిప్పింది. వెర్లీన్ బోర్డుని ముక్కు దాకా తెచ్చుకుంది. తెల్లటి బోర్డు మీద తెల్లటి పొగమంచు.

చూశారా విచిత్రం? డబ్బింగ్ దేవత ఎదురుగా కూర్చుని సబ్‌టైటిల్స్ చూపిస్తోంది. సబ్‌టైటిల్స్ చదవలేకే ఈవిడ అంత దూరం వచ్చింది.

"ఇందులో ఏముంది డోయల్?"

డోయల్ కళ్ళద్దాలు తీసి పెట్టుకున్నాడు. అసలు గొంతులోనే అసలు భావం ఉంటుందని పదేళ్ళుగా వాదించిన పెద్దమనిషి, ఆ క్షణంలో డబ్బింగ్ కళాకారుడయ్యాడు. లిఫ్టులో ఎంత బరువు ఎక్కించవచ్చో చదివే గొంతుతో మొదలుపెట్టాడు.

"'వచ్చినందుకు సంతోషం' అంటోంది."

"సంతోషం నాకే అమ్మా" అంది వెర్లీన్. "రెండు నెలలు దాటింది మీతో మాట్లాడబట్టి. రోజూ మధ్యాహ్నం ఒంటిగంటకి."

"'మధ్యాహ్నం కూడా వేస్తున్నారా సీరియల్?' అంటోంది."

"సీరియల్ కాదు, ఇన్సూరెన్సు. మీరు ఏడు నొక్కమంటారు, నేను నొక్కుతాను. నొక్కాక ఏమవుతుందో ఒక్కసారి చెప్పండి, వెళ్ళిపోతా. నాకు ఆగస్టు పదకొండు లోపల కళ్ళు కావాలి."

లనెల్ పెన్ను ఆగింది. ఏదో రాసి తుడిచింది. మళ్ళీ రాసింది.

"'నాకు తెలీదు'" అని చదివాడు డోయల్. "'నాతో ఏడు, లైన్లో ఉండండి దాకా చదివించారు. ఆ తర్వాత కాగితం నాకు ఇవ్వలేదు.'"

లనెల్ ఇంకా రాస్తూనే ఉంది.

"'మా పనే అంత. గదిలో ఒక్కళ్ళమే నిలబడి చదువుతాం. అవతలివాళ్ళ మాట మాకు వినిపించదు. అవతల మనిషి ఉన్నాడనుకుని చదువుతాం.'"

తుడిచింది. రాసింది.

"'నేనూ అక్కడే ఏడు నొక్కుతున్నాను. పదకొండు వారాలు.'"

సంగతేమిటంటే, రెండు సీజన్లు నుకాకో అరుపులు అరిచి లనెల్ గొంతులో కాయలు కాశాయి. ఆపరేషన్ చేయాలి. అది కూడా అదే కంపెనీ 'సరే' అనాలి. ఫోను చేస్తే 'మీరు పేషెంటేనా? అవును అని చెప్పండి' అని అడుగుతుంది, లనెల్ గొంతే. అవును అనడానికి లనెల్‌కి వీల్లేదు, డాక్టరు వద్దన్నాడు. కాసేపు చూసి, 'మీరు చెప్పింది వినపడలేదు' అని తనకి తానే చెప్పి, తన ఫోను తానే కట్ చేసేస్తుంది.

ఇదంతా డోయల్ బోర్డు మీద చదువుతూ వచ్చి, చివరి వాక్యం దగ్గర కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. ఆయనకి నిజంగానే బాధ కలిగింది. లిఫ్టులో ఇరుక్కున్నవాళ్ళు గంట నొక్కితే పరుగెత్తుకెళ్ళిన మనిషి కదా.

వెర్లీన్ మాత్రం అప్పటికే తేల్చేసింది. "నీకు కళ్ళున్నాయి, నాకు నోరుంది. మంగళవారం మా ఇంటికి రా."

ఆ మంగళవారం నుంచి వాళ్ళ వంటింటి బల్ల దగ్గర ముగ్గురు కూర్చున్నారు. ఐస్ టీ జగ్గు, ఫైళ్ళు, మధ్యలో ఫోను. లనెల్ సన్న అక్షరాల కాగితాలు చదివి బోర్డు మీద రాస్తుంది. డోయల్ పైకి చదువుతాడు. వెర్లీన్ ఫోన్లో చెబుతుంది. అవును అనమన్న చోటల్లా లనెల్ తరఫున వెర్లీనే అవునంటుంది. ఒక్క పేషెంటుకి ముగ్గురు పనిచేశారు. కంపెనీ తరఫున ఒక్కరూ లేరు.

మంగళవారం ఫ్లూటు. బుధవారం ఫ్లూటు. గురువారం రెండుంబావుకి ఫ్లూటు మధ్యలో ఆగింది.

"నమస్కారం. నా పేరు డెల్బర్ట్. మీకు ఏవిధంగా సహాయపడగలను?"

మనిషి! నడివయసు మనిషి, జలుబు చేసిన మనిషి. డోయల్ లేచి నిలబడ్డాడు, ఎందుకో ఆయనకే తెలియదు. వెర్లీన్ ఇన్నాళ్ళూ దాచుకున్న తిట్లన్నీ ఆ క్షణంలో మర్చిపోయింది. గొంతు సవరించుకుని లనెల్ ఫైలు నంబరు చెప్పింది.

"పేషెంట్ లనెల్ పికెట్ గారు మీరేనా మేడమ్?"

"కాదు నాయనా. ఆవిడ నా పక్కనే ఉంది. మాట్లాడకూడదు. గొంతు ఆపరేషనే కదా మీరు ఆపింది."

"అర్థమైంది మేడమ్. కానీ పేషెంట్ తన సొంత గొంతుతో ధ్రువీకరించాలి. రూల్."

"ఆవిడ గొంతు మీ దగ్గరే ఉంది. మూడేళ్ళుగా మీ ఫోన్లోనే ఉంది. కాస్త వెతుక్కో."

అవతల డెల్బర్ట్ ముక్కు చీదాడు. "సూపర్‌వైజర్ని అడగాలి మేడమ్. ఒక్క నిమిషం హోల్డులో ఉంటారా?"

ఫ్లూటు మొదలైంది. "మీ కాల్ మాకు ఎంతో ముఖ్యం" అంది లనెల్ గొంతు, లనెల్ మొహంలోకే. మొదటిసారి ఆవిడ నవ్వింది. నాలుగోసారికి నవ్వు పోయింది. తొమ్మిదోసారి బోర్డుని బల్ల మీద బోర్లించింది. పెన్నుతో బల్ల మీద మూడుసార్లు కొట్టింది.

అది వాళ్ళ పనిలో అలవాటు. రికార్డింగ్ గదిలో మూడు బీప్‌లు వినిపిస్తాయి. నాలుగోది వినపడదు, నాలుగోది పడాల్సిన చోట అందుకోవాలి. ఆ సంగతి వెర్లీన్‌కి తెలియదు. డోయల్‌కీ తెలియదు. లనెల్ అందుకుంది.

"ఎవర్రా నా మూత తీసింది?"

జగ్గులో ఐస్ ముక్కలు గణగణలాడాయి. పక్కింట్లో, వరండాలో కూర్చున్న నాకు స్పష్టంగా వినిపించింది. మా కుక్క నా కుర్చీ కిందకి దూరి సాయంత్రం దాకా బయటికి రాలేదు.

సరిగ్గా అప్పుడే డెల్బర్ట్ లైన్లోకి వచ్చాడు. చిన్న గొంతుతో అడిగాడు.

"మేడమ్, ఇప్పుడు అరిచింది నుకాకో కదూ?"

"అవును."

"రెండో సీజన్లో జాడీ రైల్లోంచి దొర్లిపోయినప్పటి అరుపు."

"అదే మరి."

"రోజూ భోజనం టైములో నా ఫోన్లో చూస్తాను మేడమ్" అన్నాడు డెల్బర్ట్. "ఇక్కడ పొద్దుట్నుంచీ అందరూ నా మీదే అరుస్తారు. ఆవిడ ఒక్కతే వేరేవాళ్ళ మీద అరుస్తుంది. ప్రాణం హాయిగా ఉంటుంది."

మీటలు టకటకలాడాయి. డెల్బర్ట్ మళ్ళీ ఆఫీసు గొంతు తెచ్చుకున్నాడు. "పేషెంట్ సొంత గొంతుతో ధ్రువీకరణ పూర్తయింది. ఆపరేషన్‌కి అనుమతి ఇస్తున్నాం."

"నాయనా, పెట్టేయకు" అంది వెర్లీన్. "ఇంకో ఫైలుంది. కళ్ళవి."

రెండు ఫైళ్ళకీ కలిపి పట్టింది ఆరు నిమిషాలు.

లనెల్ డాక్టరు లబోదిబోమన్నాడు. ఆపరేషన్ నిజంగా అవసరమా అని అప్పటిదాకా ఎవరికైనా అనుమానం ఉంటే, ఆ అరుపుతో తీరిపోయింది. జూలై ఆఖర్లో ఆవిడ గొంతు, వెర్లీన్ రెండు కళ్ళు బాగయ్యాయి. ఆగస్టు పదకొండున వెర్లీన్ పరీక్ష పాసైంది. వాండా మలుపులు వాండాకే ఉన్నాయి. బడి తెరిచిన మొదటి రోజు అద్దంలో వెనక సీటు దాకా కనిపించిందట. ఇన్నాళ్ళూ చెవులతో పట్టుకున్నది సగమేనని అప్పుడు తెలిసిందట.

"కళ్ళొచ్చాయిగా, ఇక అక్షరాలు పెడతాను" అన్నాడు డోయల్ ఆ సాయంత్రం. వెర్లీన్ ఒక ఎపిసోడ్ ఓపిగ్గా చదివింది. "బాగానే ఉంది. కానీ ఎవరూ నాతో మాట్లాడుతున్నట్టు లేదు. మార్చు" అంది. డోయల్ వాదించకుండా మార్చాడు. ఇప్పుడాయన మూడో నిమిషంలో నిద్రపోవడం లేదు.

అన్నట్టు, కంపెనీ నుంచి లనెల్‌కి పిలుపు వచ్చింది. ఖాతాదారుల సంతృప్తి కోసం 'ఎంతో ముఖ్యం' తీసేసి 'మరెంతో ముఖ్యం' అని కొత్తగా రికార్డు చేయాలట. ఎనిమిదో నంబరు కూడా పెడుతున్నారట. గొంతుకి ఆరు వారాల విశ్రాంతి ఉంది కదా, అప్పటిదాకా ఆగుతారా అని వెర్లీన్ అడిగితే లనెల్ బోర్డు మీద రాసి చూపించింది. ఈసారి వెర్లీనే చదువుకుంది. 'హోల్డులో ఉండమన్నాను.'

కాబట్టి పాఠకులారా, నా తీర్మానంలో మార్పు లేదు. పదకొండు వారాల నిజం చేయలేని పని ఒక ఊరగాయ దేవత అరుపు చేసింది. చూడండి, చూపించండి, మీ డాక్టరు చేత రాయించుకోండి!

ఇంకొక్క చిన్న మాట. ఈ వ్యాసం మొదటి వాక్యం రాసేటప్పుడు, రోజూలాగే నేను కూడా అదే కంపెనీకి ఏడు నొక్కాను. నా మోకాలి సంగతి. ఫ్లూటు ఇంకా మోగుతూనే ఉంది. ఇందాక నేనూ బల్ల మీద మూడుసార్లు కొట్టి, ఉన్న గొంతంతా పెట్టి అరిచి చూశాను. కుక్క లేచి వెళ్ళిపోయింది. "మీరు చెప్పింది వినపడలేదు" అంది లనెల్ గొంతు, తియ్యగా. నా గొంతు ఎవరు గుర్తుపడతారు? నేను ఏ కార్టూన్లోనూ లేను.

నాలుగు వందల ఏళ్ళు ఉప్పునీళ్ళలో ఊరిన దేవత కూడా మూత మీద చెయ్యి పడగానే ఎవర్రా అని అడుగుతుంది. నేను నాలుగు నెలలుగా మూత కొడుతున్నాను. అయ్యా, అమ్మా, లోపల ఎవరైనా ఉంటే ఒక్కసారి తిట్టండి, చాలు.